పొద్దుగిన్నె: కాలాన్ని ఆపే పాత్ర చేతిలో ఉండి కూడా యుద్ధం ఎలా ఓడిపోతారు?

విభాగం: కల్పిత లోకాలు » సలహాలు, సందేహాలు

కోనసంచారి

అందరికీ నమస్తే. రాస్తున్న ఫాంటసీ నవల ఒకచోట ముందుకు కదలనంటోంది. సలహా కావాలి. పోస్టు కాస్త పొడుగు, ఓపిక పట్టండి.

లోకం పేరు ఏడుకోనలు. ఏడు లోయలు, మధ్యలో ఒక కొండ, ఆ కొండను తొలిచి కట్టిన పొద్దమ్మ గుడి. గుడిలో విగ్రహం లేదు. చిన్న కోనేరు, దాని గట్టున రాతిపీట మీద ఒక రాగి గిన్నె ఉంటాయి. గిన్నె అడుగున సూదిమొనంత బెజ్జం. అదే పొద్దుగిన్నె. రోజుకు ఒక్కసారి దాన్ని నీళ్ల మీద వదులుతారు. బెజ్జంలోంచి నీళ్లెక్కి గిన్నె మునిగేదాకా, అంటే ఒక గడియసేపు, గుహ బయట లోకమంతా ఎక్కడిదక్కడ నిలిచిపోతుంది. గుహలో ఉన్నవాళ్లు మాత్రం మామూలుగానే తిరుగుతారు, మాట్లాడుకుంటారు, పనులు చేసుకుంటారు. గిన్నె మునగ్గానే లోకం మళ్లీ కదులుతుంది, జేగంట కొడతారు. బయటివాళ్లకు రెప్పపాటు కూడా గడిచినట్టు ఉండదు.

గిన్నెను కాచుకునేవాళ్లు గడియకాపులు. గిన్నె వదిలిన దగ్గర్నుంచి మునిగేదాకా వాళ్లు 108 పద్యాల పొద్దుపాట పాడాలి. వాళ్లందరిలో చిన్నది మిన్ను, నా కథానాయిక.

సమస్య ఏంటంటే, 14వ అధ్యాయంలో శత్రుసైన్యం గుడి దాకా వచ్చేస్తుంది. గడియకాపులు ఓడిపోవాలి, తర్వాతి కథంతా దాని మీదే నిలబడింది. కానీ డ్రాఫ్టు చదివినవాళ్లు అడిగేది ఒకటే: "అలాంటి వస్తువు పెట్టుకుని ఓడిపోవడమేంటి? బయట అందరూ శిలల్లా నిలబడి ఉంటే, మిన్ను వెళ్లి చేతుల్లో కత్తులన్నీ లాక్కురావచ్చుగా?"

గిన్నె వాడినవాళ్ల ఆయుష్షు తగ్గుతుందని పెట్టొచ్చు. అది చదివీ చదివీ విసుగొచ్చిన ఐడియా. ఇంకేమైనా చెప్పండి.

నత్తనడక

ఫాలో అవుతున్నా. పాట 108 పద్యాలూ రాశారా, లేక లెక్క మాత్రమేనా?

కోనసంచారి

నాలుగు రాశాను. మిగతా 104 పొద్దమ్మ దయ.

కత్తివీరుడు

సింపుల్ బ్రో. శత్రువుల్లో ఒకడి దగ్గర రెండో గిన్నె పెట్టు. రెండు గిన్నెలు ఒకేసారి వదిలితే ఫైట్ అదిరిపోతుంది. ఆగిపోయిన బాణాల మధ్యలోంచి ఇద్దరూ నడుచుకుంటూ వచ్చే సీన్ ఊహించుకో.

సున్నా_డిగ్రీ

బాణాల మధ్యలో నడవడం కుదరదండీ. అసలు గుమ్మమే దాటలేరు.

బయట కాలం నిజంగా ఆగిపోతే గాలి కూడా ఆగిపోయినట్టే. మనం నడుస్తుంటే గాలి పక్కకు తప్పుకుంటోంది కాబట్టి నడవగలుగుతున్నాం. తప్పుకోవడానికి దానికి కాలం కావాలి. కాలం లేకపోతే గుమ్మం దగ్గర గాలి రాతిగోడలా నిలబడుతుంది. మిన్ను చెయ్యి చాపితే వేళ్లు అక్కడే ఆగిపోతాయి. శత్రువు కత్తి సంగతీ అంతే, అది కదలాలన్నా దానికో క్షణం ఉండాలి కదా.

ఇంకోటి వెలుగు. బయట ఆగిపోయిన వెలుగు లోపలికి రాదు. గిన్నె నీళ్లను తాకగానే గుమ్మం అవతల అంతా కటిక చీకటి అయిపోవాలి. శిలల్లా నిలబడ్డ సైన్యాన్ని మిన్ను చూడటం అనేదే జరగదు.

పూర్తిగా ఆపకుండా వెయ్యి రెట్లు నెమ్మది చేద్దామంటారా? అప్పుడూ గుడ్డితనమే. పచ్చటి వెలుగు అల పొడవు సుమారు 500 నానోమీటర్లు. అది వెయ్యి రెట్లు సాగితే అర మిల్లీమీటరు అవుతుంది. దాన్ని మన కన్ను పట్టుకోలేదు.

కాలం ఒక్కోచోట ఒక్కోలా నడవడం మాత్రం గాలివార్త కాదు. ఫోన్లో దారి చూపించే జీపీఎస్ ఉపగ్రహాలున్నాయి కదా, వాటిలోని గడియారాలు నేల మీద గడియారాల కన్నా రోజుకు దాదాపు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. వేగం వల్ల కొంత వెనక్కి, అక్కడ భూమి ఆకర్షణ తక్కువ కాబట్టి కొంత ముందుకు, నికరంగా అంత. సరిచేయకుండా వదిలేస్తే ఒక్క రోజులోనే కిలోమీటర్ల లెక్కన దారి తప్పిస్తాయి. మీ గిన్నె చేసేదీ అదే పని, కాకపోతే మరీ పెద్ద ఎత్తున.

కత్తివీరుడు

అన్నా, దేవత ఇచ్చిన గిన్నెకి నానోమీటర్లేంటి? ఇలా లెక్కలేస్తే పుష్పకవిమానానికి పెట్రోలు ఎవడు పోశాడని కూడా అడుగుతావు.

అర్ధరాత్రి_పాఠకురాలు

అడగక్కర్లేదు, ఎందుకంటే పుష్పకం ఎగరడం మీద ఏ ముడీ పడలేదు. ఇక్కడ కథ ముడి మొత్తం గిన్నె మీదే ఉంది. గిన్నె ఏం చేయగలదో, ఏం చేయలేదో పాఠకుడికి ముందే తెలిస్తేనే 14వ అధ్యాయంలో టెన్షన్ పుడుతుంది. లేకపోతే ఓడించాలనుకున్నప్పుడు ఓడించి, గెలిపించాలనుకున్నప్పుడు గెలిపిస్తున్నారని పసిగట్టేస్తారు.

పైగా సున్నా గారు చెప్పింది కోనసంచారి గారికి లాభమే. గుమ్మం దాటలేరు అన్న ఒక్క నియమంతో సగం ప్రశ్న తీరిపోయింది. గిన్నెతో ఎవరినీ కొట్టలేరు, ఏదీ లాక్కురాలేరు. లోపలున్నవాళ్లకు ఒక గడియ తీరిక దొరుకుతుంది, అంతే.

కోనసంచారి

ఆ చీకటి సంగతి బాగా నచ్చింది. గుహలో దీపాల పొగ పోవడానికి కప్పులో ఒక బిలం పెట్టాను. గిన్నె నీళ్లను తాకగానే ఆ బిలంలోని ఆకాశం ముక్క ఆరిపోతుంది. కొత్తగా చేరిన పిల్లలు మొదటిసారి చూసి ఏడుస్తారు.

అయితే కత్తివీరుడు గారి బాధ కూడా నిజమే. తీరిక మాత్రమే ఇచ్చే వస్తువు కోసం సైన్యాలు ఎందుకు కొట్టుకుంటాయి?

అర్ధరాత్రి_పాఠకురాలు

తీరిక కోసం కొట్టుకోరని ఎవరన్నారు? ఒక ఉదాహరణ చూడండి.

పాము కాటేసిన పిల్లాణ్ని తల్లి కొండ మీదికి మోసుకొచ్చింది. విరుగుడు నూరి కాచడానికి అరగడియ పడుతుంది. పిల్లాడికి అంత సమయం లేదు. చూసేవాళ్లెవరైనా పిల్లాణ్ని లోపలికి తెమ్మంటారు. అలా చేస్తే చచ్చిపోతాడు, ఎందుకంటే గుహలో విషమూ మామూలుగానే ఎక్కుతుంది. పిల్లాణ్ని గుమ్మం బయటే పడుకోబెట్టాలి, వైద్యుడు మాత్రం లోపలికి వెళ్లాలి. గిన్నె వదలగానే బయట పిల్లాడితో పాటు విషమూ ఆగిపోతుంది. లోపల వైద్యుడు తాపీగా మందు కాచుకుంటాడు. గంట మోగేసరికి మందుగిన్నె పట్టుకుని గుమ్మం దగ్గర నిలబడి ఉంటాడు.

తల్లి సంగతేంటి? ఆమెకు లోపలికి రావాలని ఉండదు, బిడ్డ పక్కనే ఉంటానంటుంది. ఆమె వైపు నుంచి చూస్తే వైద్యుడు ఖాళీ చేతులతో లోపలికి అడుగుపెట్టాడు, ఆ అడుగు పూర్తయ్యేలోగా పొగలు కక్కే మందుతో నిలబడి ఉన్నాడు. ఆ గుడికి జనం ఎందుకు మొక్కుతారో ఈ ఒక్క సీన్ చాలు.

ఇప్పుడు అదే పొద్దున ఒక మంత్రి వచ్చాడనుకోండి. పొరుగు రాజుకు జాబు రాయాలి, దూత గుమ్మంలో గుర్రం మీద ఉన్నాడు, ఆలోచించుకోవడానికి గడియ కావాలి. గిన్నె రోజుకు ఒక్కసారే. ఎవరికిస్తారు? ఆ నిర్ణయం ఎవరి చేతిలో ఉందో వాళ్లే ఏడుకోనలకు అసలు రాజులు. శత్రువు వస్తున్నది గిన్నె కోసం కాదు, ఆ వరుసలో ఎవరు ముందో చెప్పే హక్కు కోసం.

నత్తనడక

నాకు గిన్నె దొరికితే నిద్రపోతా. రోజుకు ఎక్స్‌ట్రా 24 నిమిషాలు.

సున్నా_డిగ్రీ

నత్తనడక గారు సరదాకి అన్నా అందులో ఒక లెక్క ఉంది. గడియ అంటే రోజులో 60వ వంతు. గడియకాపులు రోజూ ఒక గడియ అదనంగా బతుకుతారు. ఏడాదికి 146 గంటలు, అంటే ఆరు రోజుల పైచిలుకు. 60 ఏళ్లకు కచ్చితంగా ఒక ఏడాది. కవలల్లో ఒకరు గుడిలో, ఇంకొకరు ఊళ్లో ఉంటే 60 ఏళ్ల తర్వాత ఒకరికి 60, ఒకరికి 61. ఆయుష్షు తగ్గే శాపం అక్కర్లేదు, ఇది దానంతటదే జరుగుతుంది. మరీ దారుణం కాదు, అలాగని ఉత్తదీ కాదు.

గడియారం_మేష్టారు

60 ఏళ్లంటే ప్రభవ నుంచి అక్షయ దాకా మన సంవత్సరాల చక్రం సరిగ్గా ఒక చుట్టు. గుడి పంచాంగం, ఊరి పంచాంగం 60 ఏళ్లకోసారి కలిసేలా పెట్టుకోవచ్చు. ఆ ఏడు పొద్దమ్మకు జాతర.

సున్నా_డిగ్రీ

అక్కడ చిన్న మెలిక ఉంది మేష్టారూ. సూర్యోదయాలు లెక్కపెడితే తేడా రాదు. గిన్నె తేలుతున్నంతసేపు సూర్యుడూ ఆగే ఉంటాడు కాబట్టి గుడివాళ్లూ ఊరివాళ్లూ చూసే పొద్దులు సమానమే. గుడివాళ్ల రోజుకు 61 గడియలు, ఊరివాళ్లకు 60, అంతే. పొద్దులు కాకుండా గడియలు లెక్కపెట్టుకుంటేనే పంచాంగాలు విడిపోతాయి.

గడియారం_మేష్టారు

గడియకాపులు లెక్కపెట్టేది గడియలే కదా బాబూ, వాళ్ల పేరులోనే ఉంది. కాబట్టి జాతర ఉంటుంది.

కోనసంచారి

జాతర ఉంటుంది! నోట్ చేసుకున్నా.

గడియారం_మేష్టారు

అసలు విషయానికి వస్తాను. కోనసంచారి గారు రాసిన గిన్నె ఒకప్పుడు నిజంగా వాడిందే, మహిమ ఒక్కటి తప్ప. సూర్యసిద్ధాంతంలో కపాలయంత్రమని చెప్తారు. అడుగున బెజ్జమున్న రాగి పాత్ర, శుభ్రమైన నీళ్లలో వదిలితే పగలూ రాత్రీ కలిపి 60 సార్లు మునగాలి. ఒక్కో మునక ఒక గడియ, మన లెక్కలో 24 నిమిషాలు. మునిగిన ప్రతిసారీ పక్కనున్నవాడు తీసి, నీళ్లు పారబోసి, మళ్లీ వదలాలి, గంట కొట్టాలి. రాత్రంతా ఒకడు మేలుకుని ఉండాల్సిందే.

ఆ పనివాడికి ఉండే తలనొప్పులు మీ కథకు మంచి సరుకు. ఉదాహరణకు నీళ్ల వేడి. చల్లబడితే నీళ్లకు జిగట పెరుగుతుంది. 30 డిగ్రీల నీళ్లతో పోలిస్తే 10 డిగ్రీల నీళ్ల జిగట ఒకటిన్నర రెట్లకు పైనే. బెజ్జం ఎంత సన్నదైతే ఆ తేడా అంత తెలుస్తుంది, చలికాలంలో గిన్నె బద్ధకంగా మునుగుతుంది. మీ గుడి గుహలో ఉండటం అందుకే బాగుంది. లోతైన గుహల్లో ఏడాది పొడుగునా వేడి పెద్దగా మారదు. కట్టినవాళ్లు కొండను ఎందుకు తొలిచారని ఎవరైనా అడిగితే ఈ కారణం చెప్పండి. భక్తి కన్నా నమ్మబుద్ధేస్తుంది.

రెండోది, బెజ్జంలో ఏదైనా అడ్డం పడటం. భాస్కరాచార్యుడి కూతురు కథ మీకందరికీ తెలిసిందే. పెళ్లి ముహూర్తం కోసం గిన్నె పెడితే, పిల్ల వంగి చూస్తుండగా నగలోని ముత్యం జారి బెజ్జానికి అడ్డం పడింది. గిన్నె మునగలేదు, ముహూర్తం దాటిపోయింది. అది కథే, చరిత్ర అని ఎవరూ పట్టుబట్టరు. కానీ మీ గిన్నెలో ముత్యం పడితే?

నత్తనడక

అమ్మో.

అర్ధరాత్రి_పాఠకురాలు

మేష్టారూ, రాత్రి పూట ఇలాంటివి పెట్టకండి. గిన్నె మునగదు. లోకం ఎప్పటికీ కదలదు. లోపలున్నవాళ్లు ఆ చీకట్లో, ఆ దీపాల దగ్గర...

కత్తివీరుడు

ఇదిగో ఇప్పుడు వచ్చింది విలన్ ఐడియా! ఒక గడియకాపు కావాలనే ముత్యం పెట్టేశాడు. బయట లోకమంతా ఆగి ఉంది, వీడు లోపల 40 ఏళ్లు తపస్సు చేసి శక్తులన్నీ సంపాదించాడు. ముత్యం తీశాడు. బయటివాళ్లకు రెప్పపాటు, వీడు మాత్రం ముసలి మహామాంత్రికుడై గుమ్మంలో ప్రత్యక్షం. ఒప్పుకో సున్నా అన్నా, బాగుంది.

సున్నా_డిగ్రీ

బాగుంది, ఒప్పుకుంటా. 40 ఏళ్లు మాత్రం ఉండలేడు. తిండి సంగతి పక్కన పెట్టండి, గుహలో గాలి ఎంత ఉంటే అంతే. మనిషి రోజుకు సుమారు అర ఘనపు మీటరు బొగ్గుపులుసు వాయువు వదులుతాడు. గుహ వెయ్యి ఘనపు మీటర్లు అనుకుంటే, రెండు నెలలు గడిచేసరికి గాలిలో అది మూడు శాతం దాకా చేరుతుంది. తలనొప్పి, ఆయాసం, బుర్ర పనిచేయకపోవడం మొదలవుతాయి. దీపం కూడా వెలిగిస్తే ఇంకా ముందే. పదిమంది ఉంటే ఆరు రోజులు.

అర్ధరాత్రి_పాఠకురాలు

ఇదే ఇంకా భయంకరంగా ఉంది. బయటివాళ్ల వైపు నుంచి చూడండి. మధ్యాహ్నం గిన్నె వదలడానికి పదిమంది లోపలికి వెళ్లారు. ఆ క్షణంలోనే గుమ్మంలోంచి చెడిపోయిన గాలి గుప్పున కొట్టింది. వెళ్లి చూస్తే పదిమందీ గోడలకు ఆనుకుని పడి ఉన్నారు, గోడల నిండా గీతలు, దీపాల్లో చుక్క నూనె లేదు.

సున్నా_డిగ్రీ

కానీ లోకం మళ్లీ కదలాలంటే గిన్నె మునగాలి. ముత్యం అడ్డం ఉంటే, తీయడానికి చేతులు లేకపోతే, మునిగేదెలా?

అర్ధరాత్రి_పాఠకురాలు

చివర మిగిలినవాడు కాలితో గిన్నెను తన్ని ఉంటాడు. లేదా ముత్యం పక్కనుంచి వెంట్రుకంత సందులో నీళ్లెక్కుతూ ఉండి ఉంటాయి. ఏడుకోనల జనానికి ఇది తెలిస్తే మాత్రం ఆ గుడిని అదే రోజు కూలగొడతారు. మనం ఇలా తిరుగుతున్నాం, తింటున్నాం అంటే అదంతా ఒక గిన్నె అడుగున సందు మిగిలి ఉండటం వల్ల! కాబట్టి గడియకాపులు దాచిపెడతారు. నగలు తీసేసి, తల గట్టిగా చుట్టుకుని లోపలికి వెళ్లాలన్న నియమం అప్పట్నుంచే వచ్చిందని పెట్టండి, కారణం ఎవరికీ చెప్పరు.

నిర్వాహకుడు

చర్చ బాగా నడుస్తోంది. "అన్నా, లెక్కలు ఆపు" తరహా పోస్టులు రెండు తీసేశాను. నచ్చకపోతే దాటేయండి, ఎవరినీ ఎత్తిపొడవద్దు.

కోనసంచారి

ముత్యం కథ రెండో భాగానికి దాచుకుంటున్నాను, ఇందులో పెడితే 14వ అధ్యాయాన్ని మింగేస్తుంది. నా మొదటి ప్రశ్న మాత్రం ఇంకా అలాగే ఉంది. శత్రువు గుమ్మంలో ఉన్నాడు, వీళ్లకు 24 నిమిషాల తీరిక ఉంది. అంత తీరిక ఉండి ఎందుకు ఓడిపోయారు?

రాగిరేకు

ఇన్నాళ్లూ చదివి వెళ్లిపోయేవాణ్ని, రాగి అనేసరికి ఆగాను. నా పని లోహాలతోనే.

మీ గిన్నె ఎన్నేళ్ల నాటిది? వందల ఏళ్లు అయితే ఒక సంగతి మీ దృష్టిలో ఉండాలి. రాగి ఎప్పుడూ తడిలో నానితే చిలుము పడుతుంది. రోజూ నీళ్లలో వదిలే పాత్ర, పైగా దేవుడి వస్తువు, మెరవాలి. అంటే తోముతారు. ఏదో ఒక పులుపు పెట్టి తోముతారు, రాగికి అదే మందు. పులుపు చిలుమును కరిగిస్తుంది, రుద్దినప్పుడు కింద రాగి కూడా పిసరంత పోతుంది. ఒక్కరోజులో ఏమీ తెలియదు. బెజ్జం అంచులు మాత్రం తరతరాలుగా అరుగుతూనే ఉంటాయి.

బెజ్జం వెడల్పు పదో వంతు పెరిగిందనుకోండి. వైశాల్యం ఐదో వంతుకు పైగా పెరుగుతుంది. నీళ్లు అంత వేగంగా ఎక్కుతాయి. 24 నిమిషాలకు మునగాల్సిన గిన్నె 20 నిమిషాలకే మునుగుతుంది. కంటితో చూసి బెజ్జంలో ఆ తేడా ఎవరూ పట్టలేరు.

కోనసంచారి

ఒక్క నిమిషం. ఒక్క నిమిషం. గడియ నాలుగు నిమిషాలు తగ్గిపోయింది, ఎవరికీ తెలియదు!

అర్ధరాత్రి_పాఠకురాలు

ఎవరికీ తెలియదంటే కుదరదు. పాట ఉందిగా. 108 పద్యాలు 24 నిమిషాల్లో అంటే ఒక్కో పద్యానికి 13 సెకన్లు. గిన్నె 20 నిమిషాలకే మునిగితే 90వ పద్యం దగ్గరే లోకం కదిలిపోతుంది. పాడేవాళ్లకు తెలియకుండా ఎలా ఉంటుంది?

గడియారం_మేష్టారు

తెలుస్తుంది, చెప్పరు. పాట వేగం పెంచుతారు.

ఇది ఒక్కసారిగా జరిగి ఉండదు. ఒక తరంలో చివరి పద్యం సగంలో ఉండగా గిన్నె మునిగింది. పెద్ద గడియకాపు గొంతు బాగాలేక నెమ్మదిగా పాడామనుకున్నాడు. మర్నాటి నుంచి కాస్త తొందరగా ఎత్తుకున్నారు. తర్వాతి తరం ఆ వేగంలోనే నేర్చుకుంది, వాళ్లకు అదే సరైన వేగం. గురువు పాడింది తప్పని శిష్యుడు అనడు కదా. అలా తరానికి కొంచెం.

అర్ధరాత్రి_పాఠకురాలు

మేష్టారూ!! 14వ అధ్యాయం దొరికిపోయింది.

గుడిలో ప్రతి పనికీ పాటే కొలత అయి ఉంటుంది. "60వ పద్యానికి బండరాళ్లు తలుపు దాకా చేర్చాలి, 100వ పద్యానికి అడ్డగడియ బిగించాలి" అని ముట్టడి రోజు కోసం పాతకాలపు పెద్దలు రాసిపెట్టారు. ఆ లెక్క పాత వేగానిది. ఇప్పుడు అవే 108 పద్యాలు 20 నిమిషాల్లో అయిపోతాయి. నాలుక వేగం పెంచినంత సులువుగా చేతుల వేగం పెరగదు. రాళ్లు సగం దారిలో ఉండగా పాట అయిపోతుంది, గిన్నె మునుగుతుంది, బయట ఎత్తి ఉన్న గొడ్డలి తలుపు మీద పడుతుంది.

కత్తివీరుడు

సరే, ఇది రెండో గిన్నె కన్నా బాగుంది. గొడ్డలి మాత్రం తీసేయొద్దు.

సున్నా_డిగ్రీ

ఎవరూ మోసం చేయలేదు, గిన్నె ఏ నియమమూ తప్పలేదు. నాకైతే నచ్చింది.

రాగిరేకు

బెజ్జం మళ్లీ బిగించొచ్చు. అంచుల్ని లోపలికి సుతారంగా కొడితే రాగి సాగి బెజ్జం సన్నబడుతుంది. చేయి తిరిగినవాడికి పెద్ద పని కాదు. కానీ దేవత ఇచ్చిన గిన్నె మీద సుత్తి పెట్టనిస్తారా అన్నది మీరు తేల్చుకోవాలి.

కోనసంచారి

పెట్టనివ్వరు. మిన్ను చివర్లో చేసే పని అదే అవుతుందేమో. దీని మీద నిద్ర పట్టదు నాకు.

ఇంకో చిక్కు. మిన్నుకు ఈ సంగతి ముట్టడికి ముందే తెలియాలి, పెద్దవాళ్లు ఆమె మాట కొట్టిపారేయాలి. కానీ పుట్టి బుద్ధెరిగినప్పట్నుంచి కొత్త వేగమే విన్న పిల్లకి పాత వేగం ఎలా తెలుస్తుంది?

అర్ధరాత్రి_పాఠకురాలు

గుడి వదిలి వెళ్లిపోయిన కుటుంబం ఏదైనా ఉందా? కొన్ని తరాల కిందట గొడవపడి లోయలోకి దిగిపోయినవాళ్లు. వాళ్ల ఇళ్లల్లో పొద్దుపాట జోలపాటగా మిగిలిపోయి ఉంటుంది. జోలపాటను ఎవరూ తొందరపెట్టరు.

గడియారం_మేష్టారు

బాగుంది. వెళ్లిపోయినవాళ్ల దగ్గరే పాతది చెడకుండా ఉంటుంది. పురాణాల్లో కకుద్మి అనే రాజు కథలోనూ అంతే. కూతురు రేవతికి సంబంధం అడగడానికి బ్రహ్మలోకం వెళ్లి, అక్కడ పాట కచేరీ అయ్యేదాకా ఆగి, తిరిగి వచ్చేసరికి భూమ్మీద 27 మహాయుగాలు గడిచిపోయాయి. తెలిసినవాడు ఒక్కడూ లేడు. పాత లోకం ఎలా ఉండేదో చెప్పగలిగినవాళ్లు ఆ తండ్రీ కూతుళ్లే.

కోనసంచారి

జోలపాట ఖాయం. మిన్నును పెంచిన అవ్వ లోయ మనిషి అని 3వ అధ్యాయంలో ఇప్పటికే ఉంది, అదృష్టం. చిన్న ముక్క రాశాను, చూడండి:

"మిన్ను పెదవులు అందరితో పాటే కదులుతున్నాయి. మనసులో మాత్రం అవ్వ పాట నడుస్తోంది, అవ్వ తన వీపు మీద తట్టిన దరువుతో. బయటికి 40వ పద్యం పాడుతుంటే లోపల 33. బయటికి 80 అయ్యేసరికి లోపల 67 కూడా నిండలేదు. పెద్దకాపు చివరి పద్యం ఎత్తుకున్నాడు. గిన్నె ఒక పక్కకు ఒరిగి, బుడుంగుమని మునిగింది. జేగంట మోగింది. అందరూ చేతులు జోడించారు. మిన్ను లోపల అవ్వ ఇంకా 90వ పద్యం దగ్గరే ఉంది."

నత్తనడక

చివరి వాక్యం దగ్గర ఆగిపోయా. సూపర్.

కానీ ఒక డౌటు. అవ్వే తప్పు పాడుతోందేమో? జోలపాట కాబట్టి సాగదీసిందేమో? పెద్దకాపు అదే అంటాడు కదా. మిన్ను ఏం చూపిస్తుంది?

సున్నా_డిగ్రీ

మంచి ప్రశ్న. పాటను పాటతో కొలిస్తే వాదన తెగదు. మనుషులు పాడనిది ఏదైనా కావాలి. ఒకే కొలత నూనె పోసిన దీపమో, ఒకే పొడుగు అగరువత్తో. అగరు కాలడాన్ని బట్టి వేళ లెక్కపెట్టే పద్ధతి చైనాలో, జపాన్‌లో ఉండేది. గుడి కట్టినప్పటి శాసనంలో "ఒక గడియకు ఇంత నూనె" అని కొలత ఉంటే చాలు. ఇప్పుడు గిన్నె మునిగాక ప్రమిదలో నూనె మిగులుతుంది. రోజూ మిగిలే ఆ నూనెను పెద్దకాపులు ఏమంటారు?

గడియారం_మేష్టారు

అమ్మవారి మహిమ అంటారు.

నత్తనడక

మిగిలిన నూనెను ప్రసాదంగా పంచుతారు!

కోనసంచారి

ఆపండి, నేను రాసుకోవాలి. నూనె ప్రసాదం 5వ అధ్యాయంలోకి వెళ్తోంది. జనం సీసాల్లో పట్టుకెళ్తుంటారు, మిన్ను చేత్తోనే పంచిపెడుతుంది. ఏడాదికేడాది ప్రసాదం పెరుగుతోందని జనం మురిసిపోతుంటారు కూడా.

రాగిరేకు

ఒక మాట. గిన్నె మునిగే ముందు ఒరుగుతుందని రాశారు. అడుగు గుండ్రంగా, బరువు అన్ని పక్కలా సమానంగా ఉంటే నిటారుగానే దిగుతుంది. ఒరిగిందంటే తోమీ తోమీ గిన్నె ఒక పక్క ఎక్కువ అరిగి ఉండొచ్చన్నమాట. తీసేయకండి, తెలిసినవాడు చదివితే పట్టుకుంటాడు.

సున్నా_డిగ్రీ

కప్పులో బిలం సంగతి కూడా మర్చిపోకండి. ఆకాశం మళ్లీ వెలిగేది గంట కొట్టినప్పుడు కాదు, గిన్నె మునిగిన క్షణంలోనే. ముట్టడి రోజు రాళ్లు మోసేవాళ్లకు పాట వినిపించదు, ఆయాసం, అరుపులు. వాళ్లకు మొదట తెలిసేది నెత్తి మీద వెలుగే. కాబట్టి గిన్నె వదిలే వేళ మిట్టమధ్యాహ్నం పెట్టండి, ఎండ బిలంలోంచి నిటారుగా కోనేట్లో పడాలి. సాయంత్రం పెడితే ఆ సీన్ తేలిపోతుంది.